బాస్క్ ఐతిహ్యం – అపరాధ పరిశోధన నవల

అపరాధ పరిశోధన నవలకు హేతువు ప్రాణం. జానపద పురాగాథకు విశ్వాసం ప్రాణం. పరస్పర విరుద్ధాలుగా తోచే ఈ రెండింటినీ ఒకే కథలో సమన్వయించిన రచనలలో స్పానిష్ రచయిత్రి డొలోరెస్ రెదోందో 'బస్తాన్' నవలాత్రయం పేర్కొనదగినది. ఇందులో మొదటి రెండు నవలలు 2013లోను, మూడవది 2014లోను వెలువడ్డాయి.

బస్తాన్ ఉత్తర స్పెయిన్‌లోని నవార్రా ప్రాంతానికి చెందిన ఒక లోయ. అక్కడి బాస్క్ భాషకు తెలిసిన ఏ భాషాకుటుంబంతోను సంబంధం నిరూపితం కాలేదు. ఆ ప్రజల మౌఖిక గాథలను సేకరించి భద్రపరచినవారిలో అగ్రగణ్యుడు హోసె మిగెల్ ద బరాందియరాన్ (1889–1991) అనే క్రైస్తవ గురువు. ఆ గాథలలోని అతిమానుష వ్యక్తులే నవలలలో పునర్దర్శనమిస్తారు.

కథానాయిక అమయా సలసార్ పోలీసు అధికారిణి. అమెరికాలో ఆధునిక పరిశోధన పద్ధతులు అభ్యసించినది. జన్మస్థలమైన ఎలిసోందోలో బాలికల హత్యలను పరిశోధించవలసివస్తుంది. మృతదేహంపై జంతురోమాలు కనిపించగా, హంతకుడికి 'బసహావున్' అన్న పేరు వ్యాపిస్తుంది. గాథలలో బసహావున్ అంటే దట్టమైన రోమాలు గల వనాధిపతి. అడవికి, మందలకు రక్షకుడే గాని హంతకుడు కాడు. రెండవ నవలలో నేరస్థులు విడిచిన వ్రాతలో 'తార్తలో' అన్న ఒంటికంటి నరభక్షకుడి పేరుంటుంది. మూడవదానిలో శిశుమరణాల వెనుక, నిద్రించేవారి ఊపిరిని హరించే 'ఇంగుమా' ప్రసక్తి వస్తుంది.

ఈ నిర్మాణాన్ని భారతీయ ప్రమాణచర్చ వెలుగులో పరిశీలించవచ్చు. మూలవక్త ఎవరో తెలియని పరంపరాగత వచనం ఐతిహ్యం. మర్రిచెట్టుపై యక్షుడున్నాడన్నది దానికి ప్రసిద్ధోదాహరణం. పౌరాణికులు దానిని ప్రత్యేక ప్రమాణంగా గ్రహించగా, నైయాయికులు శబ్దంలో అంతర్భవింపజేశారు. అమయా నేరనిర్ణయం అనుమానప్రమాణంతోనే చేస్తుంది. ఐతిహ్యం ఆమెకు సాక్ష్యం కాదు. నేరస్థుడి మనస్సును, అతడిని పెంచిన సమాజాన్ని తెలుసుకొనే సాధనం. అయినా రచయిత్రి ఐతిహ్యాన్ని అపహసించలేదు. అడవిలో బసహావున్ ఉండే అవకాశాన్ని పూర్తిగా తోసిపుచ్చలేదు.

ఈ విచక్షణకు చారిత్రక నేపథ్యం ఉంది. నవార్రాలోని సుగరమూర్ది గ్రామానికి సంబంధించిన మంత్రగత్తెల అభియోగంలో, 1610లో లోగ్రోన్యో నగరంలో మతవిచారణాధికారులు విధించిన శిక్షకు ఆరుగురు సజీవదహనమయ్యారు; చెరలోనే మరణించిన ఐదుగురి ప్రతిమలను దహించారు. ఆ విచారణాధికారులలో ఒకరైన అలోన్సో ద సలసార్ ఫ్రియాస్ తరువాత గ్రామగ్రామానా విచారించి, మంత్రవిద్యకు రుజువేదీ లభించలేదని నివేదించాడు. నవలానాయిక ఇంటిపేరు కూడా సలసార్ కావడం గమనార్హం.

వదంతిని సాక్ష్యంగా స్వీకరిస్తే నిర్దోషులు బలి అవుతారని ఆ చరిత్ర చాటుతుంది. గాథను కేవలం మూఢవిశ్వాసంగా త్రోసివేస్తే, దాని మాటున దాగిన నేరస్థుడు కనబడడని ఈ నవలలు నిరూపిస్తాయి. ఐతిహ్యాన్ని ప్రమాణంగా కాక, పరీక్షింపదగిన విషయంగా గ్రహించడమే ఈ నవలాత్రయంలోని విశిష్టత.