తెలుగు బాలల అద్భుత కథలు: మాంత్రికుడి రహస్యం, గ్రంథాలయం తలుపు

పిల్లల అద్భుత కథలను అధ్యయనం చేసేటప్పుడు మొదట ఒక మాట దగ్గరే చిక్కు వస్తుంది. 'డ్రాగన్' అనే ఇంగ్లీషు మాటకు తెలుగు వాడుకలో సమానపదం లేదు. రెక్కలుండి నిప్పులు కక్కే మహాసర్పం అని వివరించాలి, లేదా డ్రాగన్ అనే రాయాలి. పేరు లేదు కాబట్టి ఆ ఊహ కూడా మనకు లేదనుకోవడం పొరపాటు. యూరప్ కథల్లో డ్రాగన్ చేసే ముఖ్యమైన పని గుహలో బంగారం మీద పడుకుని కాపలా కాయడం. టోల్కీన్ 1937లో ప్రచురించిన 'ది హాబిట్'లో స్మాగ్ అనే డ్రాగన్ చేసేది ఇదే. లంకెబిందెల మీద నాగుపాము కాపలా ఉంటుందన్న మాట మన పల్లెల్లో వినని వారుండరు. ఆకారం వేరు, పని ఒకటే.

నారాయణఖేడ్ ప్రాంతం నుంచి చదువుతున్న విద్యార్థులకు ఈ ఊహ మరో దారిలో కూడా పరిచయమై ఉండవచ్చు. 1956 నవంబరు 1 వరకు నారాయణఖేడ్ తాలూకా హైదరాబాద్ రాష్ట్రంలోని బీదర్ జిల్లాలో భాగం. రాష్ట్రాల పునర్విభజనలో మెదక్ జిల్లాలోకి, 2016లో కొత్తగా ఏర్పడిన సంగారెడ్డి జిల్లాలోకి వచ్చింది. తెలుగుతో పాటు కన్నడం, మరాఠీ, ఉర్దూ, తండాల్లో లంబాడీ వినిపించే చోటు ఇది. ఉర్దూలో డ్రాగన్‌కు 'అజ్దహా' అనే ఫారసీ మాట ఉంది. అమీర్ హమ్జా దాస్తాన్ వంటి దీర్ఘ కథల్లో వీరులు అజ్దహాలతో పోరాడతారు, 'తిలిస్మ్' అనే మాయాలోకాల్లో చిక్కుకుంటారు. ఈ కథల్లో పేరుపొందిన 'తిలిస్మ్-ఎ-హోష్‌రుబా'ను లక్నోలోని నవల్ కిశోర్ ముద్రణాలయం 1883 నుంచి సంపుటాలుగా అచ్చువేసింది. ఒకే ఊళ్లో ఒక ఇంట నాగుపాము, పక్కింట అజ్దహా నిధిని కాస్తుంటాయన్న మాట!

ఈ భాగంలో మనం పరిశీలించే అంశం ఒకటే. తెలుగు అద్భుత కథలో సాధారణంగా కథానాయకుడికి మంత్రం రాదు. మంత్రం తెలిసినవాడు శత్రువు. మంత్రం రానివాడు, మంత్రం తెలిసినవాడు దాచుకున్న రహస్యాన్ని తెలుసుకుని గెలుస్తాడు. కాబట్టి ఈ కథల్లో అసలు పోరాటం కత్తికీ మంత్రదండానికీ మధ్య కాదు, దాచిన జ్ఞానానికీ దాన్ని బయటికి తెచ్చే తెలివికీ మధ్య. ఈ దృష్టితో చూస్తే పిల్లల అద్భుత కథలకూ గ్రంథాలయాలకూ ఉన్న సంబంధం కూడా అర్థమవుతుంది.

ప్రాణం ఎక్కడుంది?

అందరికీ తెలిసిన బాలనాగమ్మ కథనే తీసుకుందాం. బుర్రకథగా, శారదకథగా ఊరూరా తిరిగిన కథ ఇది. 1942లో జెమిని సంస్థ సినిమాగా తీసింది. మాయల ఫకీరు భిక్షకుడి వేషంలో వచ్చి బాలనాగమ్మను కుక్కగా మార్చి ఎత్తుకుపోతాడు. వెతుక్కుంటూ వెళ్లిన భర్త కార్యవర్ధిరాజు రాయి అవుతాడు. సైన్యం కూడా రాయి అవుతుంది. అంటే బలంతో పని జరగదని కథ మొదట్లోనే తేల్చేస్తుంది. చివరికి వెళ్లేది కొడుకు బాలవర్ధిరాజు. అతడు పిల్లవాడు. అతడికి సైన్యమూ లేదు, మంత్రమూ రాదు. పూలు కట్టే తంబళి పెద్ది ఇంట్లో చేరి తల్లికి కబురు పంపుతాడు. తల్లి ఫకీరును మాటల్లో పెట్టి, అతడి ప్రాణం ఎక్కడుందో రాబడుతుంది. ఏడు సముద్రాల అవతల చిలుకలో ఉందని తెలిసిన క్షణమే ఫకీరు ఓడిపోయాడు. చిలుకను తేవడం మిగిలిన పని మాత్రమే.

విలన్ ప్రాణం శరీరం బయట దాగి ఉండడం ప్రపంచమంతటా కనిపించే కథాంశం. రష్యా కథల్లో కొష్చేయ్ ప్రాణం సూది మొనలో, ఆ సూది గుడ్డులో, ఆ గుడ్డు బాతులో ఉంటుంది. రౌలింగ్ రాసిన హ్యారీ పాటర్ నవలల్లో వోల్డెమార్ట్ తన ఆత్మను ముక్కలుచేసి వస్తువుల్లో దాస్తాడు. అయితే ఒక తేడా ఉంది. హ్యారీ మంత్రవిద్యను బడిలో నేర్చుకుంటాడు. అక్కడ తరగతులు, పరీక్షలు, పెద్ద గ్రంథాలయం, అందులో అనుమతి లేనిదే ముట్టుకోరాని పుస్తకాల విభాగం కూడా ఉంటాయి. బాలవర్ధికి అలాంటి బడి లేదు. అతడికి సమాచారం చేరింది పూలమాల కట్టే ఇంటి ద్వారా. ఉర్దూ దాస్తాన్లలోనూ హమ్జా పక్షంవారు మంత్రవిద్యను ఆశ్రయించరు. అమ్రూ అయ్యార్ వేషాలు మార్చి, ఎత్తులు వేసి మాంత్రికులను పడగొడతాడు. తిలిస్మ్‌ను ఛేదించాలంటే దాని గుట్టు రాసి ఉన్న పలక, అంటే 'లౌహ్', సంపాదించాలి. అక్కడ కూడా గెలుపు తాళంచెవి ఒక రాతప్రతే.

ఇక్కడ బోధకులు దాటవేయకూడని విషయం ఒకటుంది. మాయల ఫకీరు, సినిమాలో మాయల మరాఠీ, 'పాతాళ భైరవి'లో నేపాళ మాంత్రికుడు: మాంత్రికుడు ఎప్పుడూ బయటివాడే. తెలియని భాష, తెలియని వేషం ఉన్నవాడికి తెలియని శక్తులు ఉంటాయన్న పాత భయం ఈ పేర్లలో ఉంది. నారాయణఖేడ్ తరగతి గదిలో మరాఠీ ఇంట్లో మాట్లాడే పిల్లవాడు, దర్గా పక్కనే ఇల్లున్న పిల్ల కూర్చుని ఉంటారు. కథ మానేయమని కాదు. ఈ పేరు ఎందుకు వచ్చిందో పిల్లలతోనే చర్చించాలి. మౌనంగా దాటిపోతే పిల్లలు తమంతట తాము ఏదో ఒక అర్థం తీసుకుంటారు, అది మంచిదే అవుతుందన్న నమ్మకం లేదు.

గోపబాలుడి షరతు

అచ్చులోకి వచ్చిన తెలుగు అద్భుత కథల్లో పెద్ద గని మధిర సుబ్బన్న దీక్షిత కవి రాసిన 'కాశీమజిలీ కథలు'. పన్నెండు భాగాల గ్రంథం. దీని చట్రం ముచ్చటైనది. మణిసిద్ధుడనే యతి కాశీయాత్రకు తోడుగా ఒక గోపబాలుడిని పిలుస్తాడు. దారిలో కనిపించిన వింతల గురించి అడిగితే కథ చెప్పాలన్న షరతు మీద ఆ కుర్రవాడు బయలుదేరుతాడు. ప్రతి మజిలీలోనూ అడుగుతాడు, యతి తన దగ్గరున్న మణి మహిమతో ఆ వింత వెనుక ఉన్న వృత్తాంతం తెలుసుకుని చెబుతాడు. అడిగినదానికి జవాబిచ్చే ఆ మణిని జేబులో ఇమిడే గ్రంథాలయం అనుకోవచ్చు. గొడ్లు కాసే పిల్లవాడు ప్రశ్నించడం, యతి జవాబు చెప్పవలసి రావడం ఆ కాలానికి చిన్న విషయం కాదు. అయితే మణి మాత్రం చివరిదాకా యతి చేతిలోనే ఉంటుంది. దీక్షిత కవి భాష గ్రాంథికం కావడంతో, పిల్లలకు ఈ కథలు చాలాకాలం పెద్దల నోటి ద్వారానే అందాయి.

ఈ కథల ఆధారంగానే 1951లో విజయా సంస్థ 'పాతాళ భైరవి' తీసింది. కె.వి.రెడ్డి దర్శకత్వం, పింగళి నాగేంద్రరావు రచన. తోటరాముడు తోటమాలి కొడుకు. తనను బలి ఇవ్వబోయిన మాంత్రికుడినే బలిచ్చి, కోరినది ఇచ్చే ప్రతిమను సంపాదిస్తాడు. అతడికి దక్కింది వస్తువే, విద్య కాదు. అందుకే అది పోతుంది. తిరిగి బతికిన మాంత్రికుడు ప్రతిమను చేజిక్కించుకోగానే మేడ, సంపద, రాకుమారి అన్నీ మాయమవుతాయి. నేర్చుకున్నది దొంగల పాలు కాదు, దొరికినది అవుతుంది. రెండో సగం కథ నడిచేది ఈ తేడా మీదే.

చందమామ పలు భాషల్లో

'పాతాళ భైరవి' నిర్మించిన బి.నాగిరెడ్డి, చక్రపాణిలే 1947 జూలైలో మద్రాసు నుంచి 'చందమామ' ప్రారంభించారు. మొదట తెలుగు, తమిళం. 1949లో కన్నడం, హిందీ, 1952లో 'చాందోబా' పేరుతో మరాఠీ. నారాయణఖేడ్ వంటి చోట దీని అర్థం ఏమిటో ఆలోచించండి. తెలుగు చదివే పిల్ల, కన్నడం చదివే పిల్ల, మరాఠీ చదివే పిల్ల ఒకే మాంత్రికుడి గురించి, ఒకే బొమ్మ చూస్తూ చదవగల పరిస్థితి ఏర్పడింది. పత్రిక చేతికి వస్తేనే అనుకోండి.

చందమామ ధారావాహికలకు రూపమిచ్చినవారు దాసరి సుబ్రహ్మణ్యం. 1952లో చందమామలో చేరారు. 1954లో 'తోకచుక్క'తో మొదలుపెట్టి 'మకరదేవత', 'ముగ్గురు మాంత్రికులు', 'కంచుకోట', 'రాకాసిలోయ', 'పాతాళదుర్గం', 'శిథిలాలయం', 'మాయా సరోవరం' వంటివి రాశారు. వీటికి బొమ్మలు వేసినవారు 'చిత్రా'. రెక్కల జంతువులు, వింత సర్పాలు, శిథిల నగరాలు తెలుగు పిల్లల కళ్లకు కట్టింది ఆ కుంచెతోనే. డ్రాగన్ అనే మాట లేకపోయినా డ్రాగన్ లాంటిది ఎలా ఉంటుందో పిల్లలకు తెలిసింది. ఈ ధారావాహికలపై రచయిత పేరు ఉండేది కాదు. పాఠకుల తరాలు ఆయన కథలు చదివాయి గాని ఆయన పేరు చదవలేదు. ఆయన 2010లో మరణించారు. నా ఉద్దేశంలో ఇది తెలుగు బాలసాహిత్య చరిత్రలో ఇంకా సరిగా తీరని బాకీ.

'ముగ్గురు మాంత్రికులు' ఇక్కడ ప్రత్యేకంగా చెప్పదగినది. చేపలు పట్టే పింగళుడి దగ్గరికి మాంత్రికులు వచ్చి తమను కట్టి సరస్సులోకి తోయమంటారు. దీని మూలం 'వెయ్యిన్నొక్క రాత్రులు'లోని జూదర్ కథ. ఆ అరబ్బీ మూలంలో మాంత్రిక సోదరుల తండ్రి నిధులతో పాటు పుస్తకాలు వదిలి చనిపోతాడు. సోదరులు నిధులన్నీ పంచుకుంటారు. ఒక్క పుస్తకం దగ్గర మాత్రం తగవు పడతారు. భూమిలోని నిధులన్నిటి జాడ, సంకేతాలన్నిటి అర్థం ఆ పుస్తకంలో ఉంది. శమర్దల్ నిధి సాధించి తెచ్చినవాడికే అది దక్కుతుందని పెద్దాయన తీర్పు చెబుతాడు. ఆ నిధి తలుపు తెరవడానికి వాళ్లకు కావలసింది ఒక పేద జాలరి! పుస్తకం వాళ్లది, సాహసం అతడిది. ఆ పుస్తకాన్ని అతడు చదవడం అన్న ఆలోచన కథలో ఎవరికీ రాదు.

కథ బయటి గ్రంథాలయం

ఇక అసలు గ్రంథాలయాల సంగతి. మన అద్భుత కథల్లో ఎవరైనా లోపలికి వెళ్లి చదువుకోగల గ్రంథాలయం దాదాపు కనిపించదు. ఉన్నది గుహలో తాళపత్రం, గురువు నోట మంత్రం. దీనికి కారణం ఊహాలోపం కాదు, అనుభవం. నిజాం పాలనలో ఉన్నత పాఠశాల చదువు ఉర్దూ మాధ్యమంలో సాగేది. తెలుగులో చదవాలంటే బడి బయట ఏర్పాటు చేసుకోవాలి. 1901లో హైదరాబాద్‌లో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్రభాషా నిలయం, 1904లో హనుమకొండలో రాజరాజ నరేంద్ర ఆంధ్రభాషా నిలయం అలా పుట్టాయి. నారాయణఖేడ్‌కు దూరం కాని జోగిపేటలో 1930లో సురవరం ప్రతాపరెడ్డి అధ్యక్షతన నిజాం రాష్ట్ర ఆంధ్రమహాసభ మొదటి సమావేశం జరిగింది. సభ పెట్టుకోవాలంటే గస్తీ నిషాన్ 53 కింద అనుమతి తీసుకోవలసిన రోజులవి. పుస్తకాలు పెట్టిన గదిని సర్కారు అనుమానంగా చూసేది. జ్ఞానాన్ని దాచేవాడు, దాని తలుపు తెరవాలనుకునేవాడు అన్న కథా నిర్మాణం ఆ తరానికి కల్పనగా అనిపించి ఉండదు.

తర్వాత మార్పు చట్టం ద్వారా వచ్చింది. 1955లో హైదరాబాద్ గ్రంథాలయ చట్టం, రాష్ట్రం ఏర్పడ్డాక 1960లో ఆంధ్రప్రదేశ్ పౌర గ్రంథాలయాల చట్టం. జిల్లా గ్రంథాలయ సంస్థలు, శాఖా గ్రంథాలయాలు, గ్రామీణ గ్రంథాలయాలు, పుస్తక నిక్షేప కేంద్రాలు ఈ చట్టం కింద ఏర్పడ్డాయి. ఇంటిపన్నుతో పాటు వసూలయ్యే గ్రంథాలయ పన్ను వీటికి ఆధారం. అంటే ఇంటిపన్ను కట్టే ప్రతి కుటుంబానికీ ఆ బల్ల మీది పత్రికలో వాటా ఉంది. చందమామ కొనలేని ఇంటి పిల్లలు దాన్ని చదవగలిగిన మార్గం ఇదే. నెలనెలా ఎక్కడ ఆగిందో గుర్తుపెట్టుకుని రావలసిన ధారావాహిక, గ్రంథాలయానికి పిల్లవాడిని మళ్లీ మళ్లీ రప్పించింది. మణి యతి చేతిలోంచి బల్ల మీదికి వచ్చింది.

చందమామ 2010 దశకం ఆరంభంలో ఆగిపోయింది. ధారావాహికలు కొన్ని పుస్తకాలుగా వచ్చాయి. ఇప్పుడు ఒక శాఖా గ్రంథాలయంలో పోటీ పరీక్షల పుస్తకాలకు, పిల్లల పుస్తకాలకు ఎంతెంత చోటు ఉందో చూస్తే పరిస్థితి తెలుస్తుంది. ఉద్యోగం కోసం చదివే యువకులకు ఆ బల్లలు అవసరమే, కాదనలేం. కాని పదేళ్ల పిల్ల కూర్చునే కుర్చీ కూడా అదే గదిలో ఉండాలి.

ఈ భాగానికి సంబంధించిన క్షేత్రకృత్యంగా, మీ ఊళ్లో అరవై ఏళ్లు దాటిన ఇద్దరిని వేర్వేరు మాతృభాషల వారిని ఎంచుకుని ఒక్కో మాంత్రికుడి కథ చెప్పమని అడగండి. మాంత్రికుడిని, కాపలా జంతువును ఏ మాటతో పిలిచారో వారు పలికినట్టే రాసుకోండి. ప్రాణం ఎక్కడ దాగి ఉంది, ఆ రహస్యం ఎవరు ఎవరికి చెప్పారు అన్న చోట ప్రత్యేకంగా ఆగి, మళ్లీ అడిగి రాయండి. కథను వారు ఎక్కడ విన్నారో, లేక చదివారో, ఏ భాషలోనో కూడా పక్కన నమోదు చేయండి.