ఒంటికి ధర కడితే

సాగర్ ఎడమ కాలువ కింద చిలుకూరు, కోదాడ మాగాణుల్లో నాట్లు వేసే ముఠాలు ఎకరానికి ఇంతని గుత్త మాట్లాడుకుంటాయి. అక్కడ అమ్ముడయ్యేది పని. పొద్దుగూకితే ఎవరి ఇంటికి వాళ్లు పోవచ్చు, రేపు ఇంకో రైతు దగ్గరికి పోవచ్చు. ఆ స్వేచ్ఛ పోయిన చోట మనిషే సరుకవుతాడు.

ఈ మాగాణులున్న ఉమ్మడి నల్లగొండ జిల్లాకు ఇది కొత్త కాదు. నిజాం కాలంలో దొర గడీలో వెట్టి చేసినవారికి కూలి అడిగే హక్కే లేదు. జీతగాళ్ల పద్ధతిలో ముడి అప్పు దగ్గర పడేది. పెళ్లికో జబ్బుకో తెచ్చిన బాకీ తీరేదాకా మరో గడప తొక్కే వీలుండేది కాదు. తండ్రి బాకీకి కొడుకూ జీతం ఉండేవాడు. 1976 నాటి వెట్టిచాకిరీ నిర్మూలన చట్టం అలాంటి బాకీలను రద్దు చేసింది.

ఇప్పటి బేరంలో కొరడా కనిపించదు, సంతకం కనిపిస్తుంది. 2016 జనవరి నాటికి నల్లగొండ పోలీసులు బయటపెట్టిన కిడ్నీల వ్యాపారమే ఉదాహరణ. డబ్బు అవసరమున్న యువకులను కొలంబో పంపి ఆపరేషన్ చేయించేవారు. కిడ్నీ ఇచ్చినవారికి దక్కింది సుమారు 5 లక్షలు. రోగి పెట్టింది దానికి ఎన్నో రెట్లు. దళారీగా దొరికిన వ్యక్తి అంతకుముందు తన కిడ్నీ అమ్ముకున్నవాడేనని పోలీసులు చెప్పారు. ఒకసారి అమ్ముకున్నాక అతని దగ్గర మిగిలిన సరుకు తోటివాళ్లే. ఆ నెలలోనే శ్రీలంక విదేశీయులకు కిడ్నీ మార్పిడులు ఆపేసింది.

కొనేవారూ దిక్కుతోచనివారే. వారానికి రెండు మూడుసార్లు డయాలసిస్‌కు తిరిగే రోగికి, ప్రభుత్వ అవయవదాన పథకమైన జీవన్‌దాన్‌లో పేరు నమోదు చేసుకున్నా వంతు ఎప్పుడొస్తుందో తెలియదు. 1994 అవయవ మార్పిడి చట్టం దగ్గరి బంధువులు దానం చేయడానికి ఒప్పుకుంటుంది. బయటివారైతే అభిమానంతోనే ఇస్తున్నారని అనుమతులిచ్చే కమిటీ నమ్మాలి. అందుకే ఈ వ్యాపారంలో కత్తికన్నా ముందు దొంగ కాగితాలు తయారవుతాయి. డబ్బు చుట్టరికాన్ని సైతం పుట్టిస్తుంది.

2011 సవరణతో అవయవాల వ్యాపారానికి జైలుశిక్ష 5 నుంచి 10 ఏళ్ల దాకా, జరిమానా 20 లక్షల నుంచి కోటి దాకా అయ్యింది. డబ్బు తీసుకున్నవారికీ అదే శిక్ష. దళారీకి ఇదే రక్షణ: మోసపోయినవాడు స్టేషన్ మెట్లెక్కితే ముందు తన నేరమే ఒప్పుకోవాలి. అయినా 2024 జులైలో గుంటూరు ఆటోడ్రైవరు ఒకరు ధైర్యం చేశారు. కిడ్నీకి 30 లక్షలన్నారని, ఆపరేషన్ అయ్యాక చేతిలో నామమాత్రంగా పెట్టారని ఫిర్యాదు ఇచ్చారు.