నవ్వించింది, ఏడిపించింది.. చివరికి తన సినిమాలనే మరిచిపోయింది: ఫ్రెంచ్ నటి ఆనీ జిరార్దో

సినిమా హీరోయిన్ అంటే అందం, మేకప్, ఖరీదైన బట్టలు అనుకుంటాం. ఫ్రాన్స్‌లో ఆనీ జిరార్దో ఇవేవీ లేకుండానే జనం మనసు గెలిచింది. పొట్టి జుట్టు, కాస్త బొంగురు గొంతు, గబగబా మాట్లాడే తీరు. తెర మీద ఆమెను చూస్తే మన వీధిలో ఉండే ఆవిడే అనిపించేది. ఆమె బలమంతా అదే.

1931 అక్టోబర్ 25న పారిస్‌లో పుట్టింది. తల్లి కాన్పులు చేసే మంత్రసాని. ఆనీ కూడా మొదట నర్సు చదువు వైపే వెళ్లింది. కానీ మనసంతా నాటకాల మీదే ఉండటంతో పారిస్ కన్సర్వేటరీలో చేరి నటన నేర్చుకుంది. 1954లో ఫ్రాన్స్‌లో ఎంతో పేరున్న నాటక సంస్థ కమెడీ ఫ్రాన్సేజ్‌లో చోటు దొరికింది. అక్కడ ఆమె నటన చూసి ప్రసిద్ధ రచయిత జాన్ కాక్తో ఎంతో మెచ్చుకున్నాడు. అయినా 1957లో ఆ కొలువు వదిలేసి సినిమాల దారి పట్టింది.

1960లో ఇటలీ దర్శకుడు విస్కాంతి తీసిన 'రోకో అండ్ హిజ్ బ్రదర్స్' ఆమెకు దేశం బయట కూడా పేరు తెచ్చింది. అందులో తనతో నటించిన రెనాతో సాల్వతోరిని 1962లో పెళ్లి చేసుకుంది. వాళ్లకు ఒక కూతురు, జూలియా. 1965లో వెనిస్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటి అవార్డు అందుకుంది.

1970లలో ఆమెకు తిరుగులేదు. 1971లో వచ్చిన 'మురీర్ దైమే' ఒక టీచరమ్మ నిజజీవిత విషాదం. జనం కన్నీళ్లు పెట్టుకున్నారు. 1976లో ఊపిరితిత్తుల క్యాన్సర్ బారిన పడిన డాక్టర్‌గా చేసిన పాత్రకు సెజార్ అవార్డు వచ్చింది. ఫ్రెంచ్ సినిమాలో అదే పెద్ద అవార్డు. ఇక 1978లో రెండు కామెడీలు. ఒకదాంట్లో పోలీసు అధికారిణి. మరోదాంట్లో భర్త మీదే మేయర్ ఎన్నికలకు నిలబడే ఇల్లాలు. ఆ భర్త పాత్ర వేసింది కామెడీ కింగ్ లూయీ ద ఫ్యూనెస్. డాక్టర్, టీచర్, పోలీసు.. ఇలా సొంత కాళ్ల మీద నిలబడ్డ ఆడవాళ్లు ఆ రోజుల్లో తెర మీద ఎక్కువగా కనిపించేవారు కాదు. అందుకే ఫ్రాన్స్‌లో మామూలు ఆడవాళ్లు ఆమెలో తమను తాము చూసుకున్నారు.

తర్వాత కాలం తిరగబడింది. 1980లలో ఒక పెద్ద స్టేజీ షో దెబ్బతిని డబ్బు పోయింది. సినిమా అవకాశాలూ తగ్గాయి. 1996లో 'లే మిజరాబ్లే'కు సహాయ నటి సెజార్ అందుకుంటూ ఆమె స్టేజీ మీదే ఏడ్చేసింది. నేను సినిమాకు గుర్తున్నానో లేదో గానీ, సినిమా లేని లోటు మాత్రం నన్ను ఎంతో బాధపెట్టింది అన్న అర్థంలో మాట్లాడింది. హాలంతా కంటతడి పెట్టింది. 2002లో 'ది పియానో టీచర్'కు మరో సెజార్ వచ్చింది.

కానీ అప్పటికే మతిమరుపు మొదలైంది. నాటకంలో డైలాగులు గుర్తుండక, చెవిలో చిన్న ఇయర్‌ఫోన్ పెట్టుకుని ఎవరో అందిస్తుంటే చెప్పేది. 2006లో ఆమెకు అల్జీమర్స్ ఉన్న సంగతి కుటుంబం బయటపెట్టింది. మరుసటి ఏడాది కూతురు జూలియా తల్లి గురించి పుస్తకం రాసింది. 2008లో ఆమె జీవితంపై టీవీ డాక్యుమెంటరీ కూడా వచ్చింది. తాను నటినన్న సంగతే ఆమె మరిచిపోయిందని తెలిసి అభిమానులు తట్టుకోలేకపోయారు. 2011 ఫిబ్రవరి 28న, 79 ఏళ్ల వయసులో పారిస్ ఆసుపత్రిలో కన్నుమూసింది.

జబ్బును దాచకుండా చెప్పడం వల్ల ఫ్రాన్స్‌లో ఎన్నో ఇళ్లలో ఈ విషయంపై మాట్లాడుకోవడం సులువైంది. మన ఇళ్లలోనూ అమ్మమ్మ, నానీ, దాదా ఒకే మాట పదేపదే అడిగినా, తెలిసిన దారి తప్పినా 'వయసు మీద పడింది' అని వదిలేస్తుంటాం. అది జబ్బు కావచ్చు. అల్జీమర్స్‌ను పూర్తిగా నయం చేసే మందు లేదు. కానీ త్వరగా డాక్టరుకు చూపిస్తే ఏం జరుగుతోందో తెలుస్తుంది, ఇంట్లోవాళ్లు ముందే సిద్ధపడొచ్చు. వాళ్ల మీద విసుక్కోవడమూ తగ్గుతుంది.