నాచు పచ్చడి: హలాల్ మాత్రమే చాలదు, తయ్యిబ్ కూడా కావాలి

రమజాన్ మాసంలో మన దస్తర్‌ఖాన్‌పై పాలతో చేసిన చైనా గ్రాస్ తరచుగా కనిపిస్తుంది. దానిలో వాడే తెల్లని పోగులు ఎర్ర జాతి సముద్రపు నాచు నుంచి తీసినవేనని చాలా కుటుంబాలకు తెలియదు. నాచు మన వంటింటికి కొత్తది కాదన్నమాట. కొత్తగా వచ్చింది రొట్టెకు రాసుకునే ఉప్పు, తీపి కలిసిన నాచు పచ్చడి. జపాన్‌లో దీనిని ‘త్సుకుదాని’ అంటారు. ఇప్పుడు ఇది సీసాలలో మన నగరాలకూ చేరుతోంది. ఇది ధర్మసమ్మతమేనా అని సోదరీమణులు మమ్మల్ని అడుగుతున్నారు.

ముందుగా నాచు సంగతి చూద్దాం. దివ్యఖుర్ఆన్‌లోని అల్ మాయిదా సూరా 96వ ఆయత్ సముద్రపు ఆహారాన్ని మనకు ధర్మసమ్మతం చేసింది. హనఫీ మస్లక్ ప్రకారం సముద్ర జీవులలో చేప మాత్రమే హలాల్ కనుక కొందరికి నాచు విషయంలోనూ సంకోచం కలుగుతుంది. ఆ నియమం జంతువులకు వర్తించేదే. నేలపై మొలిచే ఆకుకూరకు ఏ ఆదేశమో నాచుకూ అదే: మత్తు, హాని, అశుద్ధత లేనంతవరకు అది అనుమతించబడినదే.

సమస్య నాచులో లేదు, సీసాలో ఉంది. త్సుకుదాని తయారీలో సోయా సాస్‌తో పాటు ‘మిరిన్’ అనే తీపి బియ్యపు మద్యాన్ని, కొన్నిసార్లు ‘సాకే’ను కూడా కలుపుతారు. అసలైన మిరిన్‌లో సుమారు 14 శాతం ఆల్కహాల్ ఉంటుంది. సీసాపై ఆకుపచ్చ చుక్క ఉన్నది కదా అని నిశ్చింతగా ఉండరాదు. ఆ గుర్తు శాకాహారమని మాత్రమే చెబుతుంది, మద్యం లేదని చెప్పదు. కాబట్టి ఇంట్లో చేసుకోవడమే మేలు.

విశాఖ వాసులకు మరొక ఆలోచన రావచ్చు. నగర తీరపు బండలపై పచ్చని ఆకుల వంటి ఉల్వా నాచు విరివిగా పెరుగుతుంది. ఈ తీర శిలలపై నాచు జాతుల గురించి ఎం. ఉమామహేశ్వరరావు, టి. శ్రీరాములు 1964లోనే అధ్యయనం ప్రచురించారు. ఉచితంగా దొరుకుతున్నది గీకి తెచ్చుకుంటే తప్పేమిటి? తప్పు నీటిలో ఉంది. 1933లో ప్రారంభమైన ఓడరేవు, ఆ తరువాత వెలసిన కర్మాగారాలు ఈ నగరానికి జీవనోపాధి నిచ్చాయి. అయితే ఓడల చమురు, పరిశ్రమల వ్యర్థజలం, నగరపు మురుగు చేరే నీటిలోని లోహాలను నాచు తనలోకి పీల్చుకుంటుంది. కడిగినా, ఉడికించినా అవి పూర్తిగా పోవు. అల్ బఖరా సూరా 168వ ఆయత్ ఆహారం విషయంలో హలాల్‌తో పాటు తయ్యిబ్‌ను, అంటే పరిశుద్ధతను, జోడించి చెప్పింది. బిడ్డల పళ్ళెంలో వడ్డించేటప్పుడు రెండవ మాటను విస్మరించకూడదు.

ఇక తయారీ. దుకాణంలో దొరికే సాదా నోరి రేకులు 10 తీసుకోవాలి. మసాలా పూసినవి వద్దు. వాటిని చించి, ఒక కప్పు నీటిలో పది నిమిషాలు నాననివ్వాలి. బాణలిలో రెండు చెంచాల నువ్వుల నూనె వేసి, ఆరు వెల్లుల్లి రేకలు, నాలుగు పచ్చిమిరపకాయలు తరిగి వేయించాలి. అందులో నానిన నాచును నీటితో సహా పోసి, ఉసిరికాయంత చింతపండు రసం, రెండు చెంచాల బెల్లం కలిపి, సన్నని మంటపై ముద్దగా అయ్యేవరకు కలియబెట్టాలి. వేయించి దంచిన నువ్వులు రెండు చెంచాలు చల్లి, రుచి చూసిన తరువాతే ఉప్పు వేయాలి. చల్లారాక గాజు సీసాలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచి, వారంలోగా వాడుకోవాలి. చపాతీకి, పెసరట్టుకు, వేడి అన్నానికి ఇది బాగుంటుంది. సహరీకి చేసేటప్పుడు ఉప్పు, కారం తగ్గిస్తే పగలు దాహం బాధించదు.

ఒక జాగ్రత్త. పెద్దలకు రోజుకు 150 మైక్రోగ్రాముల అయోడిన్ సరిపోతుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ సూచన. గోధుమవర్ణపు ‘కొంబు’ నాచు ఒక్క గ్రాములోనే అంతకు ఎన్నో రెట్లు ఉండవచ్చు. నోరిలో చాలా తక్కువ. అందుకే ఈ పచ్చడికి నోరినే ఎంచుకున్నాము. అయినా థైరాయిడ్ సమస్య ఉన్నవారు, గర్భిణులు వైద్యుని అడిగిన తరువాతే తినాలి.

అల్లాహ్ మన కుటుంబాలకు హలాల్, తయ్యిబ్ ఆహారాన్ని ప్రసాదించుగాక! ఆమీన్.