బదిలీ ఎవరి వ్యవహారం?

వాడ మీద దాడి జరిగాక పెత్తందార్లు మొదట చూసేది కేసు పడకుండా. పడిందా, ఇక దర్యాప్తు ఆఫీసర్ని కదిలించే పని. సస్పెండ్ చెయ్యక్కర్లేదు, మెమో అక్కర్లేదు. 'పరిపాలనా అవసరాల దృష్ట్యా' అన్న మూడు మాటల కాగితం చాలు. వాంగ్మూలాలు రాసుకున్న మనిషి శంకరగిరి మాన్యాలు పడతాడు. కొత్తాయన ఫైలు తెరిచేసరికి సాక్షులు చెదిరిపోయి ఉంటారు.

అలాంటి ఆఫీసరు కోర్టుకెక్కితే చాలాసార్లు ఓడిపోతాడు. రాజ్యాంగం 311వ అధికరణం డిస్మిస్ నుంచి, తొలగింపు నుంచి, హోదా తగ్గింపు నుంచి రక్షణ ఇస్తుంది గానీ బదిలీ నుంచి ఇవ్వదు. బదిలీ ఉద్యోగంలో భాగమేనట, శిక్ష కాదట. చట్టబద్ధ నియమాన్ని మీరితేనో, దురుద్దేశం రుజువైతేనో తప్ప తాము వేలు పెట్టమని సుప్రీంకోర్టు 1990లో శిల్పీ బోస్ కేసులో చెప్పింది. సర్కారు తనకు తాను రాసుకున్న బదిలీ మార్గదర్శకాలకు చట్టబలం లేదని 1993లో ఎస్.ఎల్. అబ్బాస్ కేసులో తేల్చేసింది. దురుద్దేశం రుజువు చెయ్యడమంటే మాటలా? మంత్రిగారి ఫోనుకి రశీదు ఉండదు గదా.

సీబీఐ జాయింట్ డైరెక్టరుగా సెయింట్ కిట్స్ కేసు చూసిన ఎన్.కె. సింగ్‌ని 1991లో బీఎస్ఎఫ్‌కి పంపారు. 1994లో ఆయనా సుప్రీంకోర్టులో ఓడిపోయాడు. కానీ ఆ తీర్పులో మనం పట్టుకోవాల్సిన మాట ఒకటుంది. సున్నితమైన పదవుల్లోంచి మార్చితే ప్రజా ప్రయోజనానికి దెబ్బ తగిలే వీలుందని కోర్టు ఒప్పుకుంది, వట్టి అనుమానం చాలదని కూడా అంది. గెలిచినవాళ్లూ లేకపోలేదు. భోపాల్ సెంట్రల్ ఎక్సైజ్ అధికారి సోమేశ్ తివారీ మీద ఆకాశరామన్న ఉత్తరం వచ్చింది. ఆరోపణలు రుజువు కాకపోయినా ఆయన్ని షిల్లాంగ్‌కి తోలారు. శిక్షకు బదులుగా చేసిన బదిలీ చెల్లదని 2008లో సుప్రీంకోర్టు కొట్టేసింది.

మన రాష్ట్రంలో ఇంకో విడ్డూరం నడిచింది. 371-డి అధికరణం కింద పెట్టిన పరిపాలనా ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పుని, ఓడిపోయిన ప్రభుత్వమే రద్దు చేసుకునే వీలుండేది. సాంబమూర్తి కేసులో సుప్రీంకోర్టు కొట్టేసేదాకా అదే చట్టం.

ఇక్కడిదాకా అంతా ఆఫీసరు గొడవే. దెబ్బలు తిన్నవాళ్ల మాటేమిటి? అత్యాచారాల నిరోధక చట్టం నియమాల్లో (1995) 7వ నియమం ప్రకారం దర్యాప్తు చేసేవాడు డీయస్పీకి తగ్గకూడదు. అతని అనుభవం, న్యాయదృష్టి చూసి నియమించాలి. ఆ హోదా లేనివాడు చేసిన దర్యాప్తు ఈ చట్టం కింద చెల్లదని సుప్రీంకోర్టు 2009లో చున్నీలాల్ కేసులో చెప్పింది. అంటే డీయస్పీని మార్చి ఫైలుని ఇన్‌స్పెక్టరు చేతిలో వదిలితే, ఈ చట్టం కింద కేసుని నిందితుడి లాయరు కోర్టులో సులువుగా పడగొడతాడు. 2006లో ప్రకాశ్ సింగ్ తీర్పు కనీసం రెండేళ్ల పదవీకాలం ఉండాలంటూ ఎస్పీనీ, స్టేషన్ హౌస్ ఆఫీసర్నీ పేర్కొంది. మనకి కావలసిన డీయస్పీ పేరు అందులో లేదు. డీయస్పీ, ఆ కింది వాళ్ల బదిలీలు మాత్రం పోలీసు ఎస్టాబ్లిష్‌మెంట్ బోర్డు చెయ్యాలంది.

2016 నుంచి అమల్లో ఉన్న 15-ఎ సెక్షన్ బెయిలు దగ్గర్నుంచి కోర్టు వ్యవహారమంతా బాధితులకి ముందుగా తెలియాలంటుంది. బదిలీ గురించి మాత్రం చెప్పక్కర్లేదు. సర్వీసు వ్యవహారాల్లో ప్రజా ప్రయోజన వ్యాజ్యాలు కుదరవని 1998 నాటి దుర్యోధన్ సాహు కేసు నుంచీ వింటూనే ఉన్నాం. కాబట్టి బదిలీ మీద కాక దర్యాప్తు మీద రిట్ వెయ్యాలి.

మన ఉద్యమాల్లోనూ 'యస్సైని బదిలీ చెయ్యాలి' అన్న డిమాండు అలవాటైపోయింది. చట్టం దృష్టిలో అది శిక్షే కాదు. ఆయన పక్క మండలంలో అదే పని చేస్తాడు. నిర్లక్ష్యం చేసిన అధికారి మీద 4వ సెక్షన్ కింద ఆరు నెలల నుంచి ఏడాది దాకా జైలు ఉందని ఎందుకు అడగం?

డీయస్పీ మారిన రోజునే మూడు కాగితాలు సమాచార హక్కు కింద అడగండి: బదిలీ ఉత్తర్వు, బోర్డు నిర్ణయం, కొత్త దర్యాప్తు అధికారిని 7వ నియమం కింద నియమించిన ఉత్తర్వు. మూడోది దొరక్కపోతే జిల్లా విజిలెన్స్ కమిటీకి రాయండి. అది మూడు నెలలకోసారైనా కూర్చోవాలి.