సొంత గుర్రం గెలిచినా గొంతు మారలేదు

ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల ప్రాంతాల్లో తిరునాళ్ళకు బండలాగుడు పోటీలు మామూలే. నిర్ణీత సమయంలో బండను ఎక్కువ దూరం లాగిన ఎద్దుల జతకే మొదటి బహుమతి. దూరాన్ని అడుగులు, అంగుళాల్లో కొలుస్తారు. జనం కిక్కిరిసినప్పుడు వెనుక నిలబడినవారికి ఎద్దులు సరిగా కనబడవు. ఏ ఊరి జత దిగింది, ఎంత దూరం లాగింది, ఇంకెన్ని నిమిషాలున్నాయి - అంతా మైకులో వినవలసిందే. మైకు పట్టినవారిదీ ఏదో ఒక ఊరే గదా! తమ ఊరి జత దిగినప్పుడే వారి గొంతుకు అసలు పరీక్ష.

ఇటువంటి పరీక్షనే ప్రఖ్యాత గుర్రప్పందేల వ్యాఖ్యాత పీటర్ ఓసల్లివన్ 1974లో ఎదుర్కొన్నారు.

ఆయన 1918లో ఐర్లండ్‌లోని కెన్‌మేర్‌లో జన్మించారు. బి.బి.సి. రేడియోలోను, టెలివిజన్‌లోను దాదాపు అర్ధశతాబ్దం పాటు పందేలను కళ్ళకు కట్టించారు. ఇంగ్లండులో జరిగే గ్రాండ్ నేషనల్ పందెం ఒక్కదానికే 50 సార్లు వ్యాఖ్యానం చెప్పారు. నాలుగు మైళ్ళు పైబడిన ఆ పరుగులో గుర్రాలు 30 అడ్డంకులు దూకాలి. దూరం నుంచి చూసేవారికి జాకీల చొక్కాల రంగులే ఆనవాలు. అందుకే ఓసల్లివన్ ఆ రంగులను ముందుగానే కాగితంపై వేసుకుని కంఠస్థం చేసేవారు. 1973లో చాలా దూరం ముందున్న క్రిస్ప్‌ను రెడ్ రమ్ చివరి అంగల్లో దాటినప్పుడు ఆ పోరును వీక్షకులకు వినిపించిన గొంతు ఆయనదే.

మరుసటి ఏడు చెల్టెన్‌హామ్‌లో ట్రయంఫ్ హర్డిల్ పందెం జరిగింది. అందులో పరుగెత్తిన అట్టీవో ఓసల్లివన్ సొంత గుర్రం. వ్యాఖ్యానమూ ఆయనదే. అట్టీవో గెలిచింది. అయినా ఆయన గొంతు పెంచలేదు, తడబడలేదు. ఎవరి గుర్రమో గెలిచినట్లుగానే విజేత పేరుతో పాటు యజమానిగా తన పేరునూ నిదానంగా చదివారు. ఆయన వృత్తి జీవితంలో తరచుగా చెప్పుకునే ఘట్టమిది. 1997లో సర్ బిరుదు పొంది, అదే సంవత్సరం విరమించారు. 2015లో 97వ ఏట కన్నుమూశారు.

నేడు బండలాగుడు పోటీలు ఫోనుల్లోనూ ప్రత్యక్షంగా ప్రసారమవుతున్నాయి. కువైట్‌లో ఉన్న జిల్లావాసులు సైతం చూడగలుగుతున్నారు. మైకు మాట వెళ్ళే దూరం పెరిగింది, బాధ్యతా పెరిగింది. హుషారెక్కించడం వ్యాఖ్యాత పనే. కాని రెండంగుళాల తేడాతో ఓడిన జత యజమాని కూడా ఆ మాటను నమ్మి ఇంటికి వెళ్ళగలగాలి.