ప్రయోజకకర్త్రి — ‘అమేలీ’ యను ఫ్రెంచి చలనచిత్రమునందలి దృశ్యశైలి

శృంగారహాస్యములు కలసిన కథను చలనచిత్రముగాఁ గూర్చువారు మనోహరదృశ్యములను వెదకుట సహజము. ఆ దృశ్యములు కథకు భూషణములు మాత్రమేనా, లేక కథాశరీరమే యగునా యనునది విచారణీయము. ఈ విచారమునకు జ్యాఁ-పియెర్ జెనే దర్శకత్వమున 2001వ సంవత్సరమున వెలువడిన ‘అమేలీ’ తగిన లక్ష్యము. పారిసునందలి మోమార్త్రు గుట్టపై, లెపిక్ వీథి కాఫీశాలలోఁ బనిచేయు యువతి దీనికి నాయిక. ఒద్రే తోతూ యా పాత్రమును ధరించెను.

1997 ఆగస్టు చివరను డయానా రాకుమారి మరణవార్త వినిన క్షణమున నాయిక చేతినుండి సీసామూఁత జాఱి దొర్లి, గోడయందలి యొక పలకను గదల్చును. పలక వెనుక, నలువదేండ్ల క్రిందట నొక బాలుఁడు దాఁచిన రేకుపెట్టె యుండును. ఆ పెట్టెను దాని యజమానునకు, ఇప్పుడు వయసు మీఱినవానికి, ఆమె చేర్చును గాని తనచేత నీయదు. వీథిలోని టెలిఫోను గదిలో నుంచి, గంట మ్రోగించి, వాఁడు కన్నీరు విడుచుటను మఱుఁగుననుండి చూచును. పిమ్మటి కథయంతయు నిట్లే నడచును. తండ్రి తోటలోని మరుగుజ్జు బొమ్మను దేశాంతరములకుఁ బంపించి యాతనికిఁ బ్రయాణోత్సాహము గలిగించును. ప్రేమించిన నీనోను సైతము నీలిబాణముల గుర్తులచే గుట్టపైకి నడిపించి, యచ్చటి దూరదర్శినితో నాతఁడు చూచునట్లు తాను క్రిందనే దూరమున నిలుచును.

వైయాకరణుల మాటలోఁ జెప్పినచో నామె ప్రయోజకకర్త్రి. చేయుటకంటెఁ జేయించుట యెఱిఁగినది. పాణిని ప్రయోజకునకు హేతువను పేరుతోఁబాటు కర్తయను పేరునుగూడ నొసఁగెను గదా. వ్యాకరణమున నది చాలును. కాని ప్రేమించుట యను క్రియయందుఁ బరులను ప్రేరేపించినంతఁ బని తీఱదు. కర్త తానే కావలెను. ఈ చిత్రమునందలి సంకటమంతయు నదియే.

తెలుఁగువారి ‘మాయాబజారు’ (1957) తో పోల్చి చూచిన నిది తేటపడును. కె.వి. రెడ్డిగారి యా చిత్రమునను ఒక పేటిక యున్నది. ప్రియదర్శిని తెఱచినవారి కెవరు ప్రియులో వారే, ఏది ప్రియమో యదియే యందుఁ గన్పట్టును: శశిరేఖకు అభిమన్యుఁడు, రేవతికి రత్నాభరణములు. కాని యచ్చటఁ బ్రయోజకుఁడు శ్రీకృష్ణుఁడు, ఫలభోక్త్రి శశిరేఖ. ప్రేరకుఁడు నవ్వుచుఁ బ్రక్కకుఁ దొలఁగిన లోపము లేదు. అమేలీ కథలో కృష్ణుఁడును శశిరేఖయు నొక్కతెయే! తనకు కృష్ణుఁడెవ్వఁడు? పొరుగున నున్న వృద్ధచిత్రకారుఁడు. గాజువంటి పెళుసుటెముకలతో నిల్లు కదలని యాతఁడు, ఇరువదేండ్లుగా రెన్వారు వ్రాసిన నౌకావిహారుల విందు చిత్రమునకు ఏఁటికొక ప్రతిని వ్రాయుచుండును. నీటిపాత్ర పట్టిన యువతి ముఖభావము మాత్ర మాతనికిఁ జిక్కదు. వారిరువురు నా చిత్రములోని యువతినిగూర్చి మాటాడుకొనునప్పుడు అర్థము వేఱొకతెకుఁ జెందును. మన యన్యాపదేశమునకుఁ బరదేశమున నింత చక్కని యుదాహరణము దొరకుట యరుదు.

ఇఁక వర్ణములు. దిల్‌సుఖ్‌నగరము మీఁదుగా ఎల్.బి.నగరమునకుఁ బోవు మెట్రో మార్గమునకు ఎఱుపుమార్గమని పేరు. అచ్చటి యెఱుపు కేవలసంకేతము. నీలమని యున్నను బండి యెల్.బి.నగరమే చేరును. ఆ ప్రాంతపుఁ బాఠశాలలలో వ్యంజనను బోధించు పండితు లీ భేదమును బిల్లలకుఁ జూపవచ్చును. అమేలీ గదియందలి యెఱుపు అట్టిది కాదు. ఛాయాగ్రాహకుఁడు బ్రూనో దెల్బొనెల్ చిత్రమంతటను ఎఱుపు, ఆకుపచ్చ, బంగారుచాయలను బఱపించెను. చిత్రీకరణానంతరము కంప్యూటరు సాహాయ్యమున నవి మఱింత సవరింపఁబడెను. పండినట్లున్న యా యెఱ్ఱని గదిలో నొకచో నీలిదీపము వెలుఁగును. చుట్టును గాఢమైన రాగము, నడుమ నొంటితనము. ఈ యర్థమును ఏ పాత్రయుఁ బలుకదు.

ఇంత వన్నె సత్యమునకు హానికరమని యాక్షేపించినవారు గలరు. సెర్జ్ కగాన్‌స్కీ యను ఫ్రెంచి విమర్శకుఁడు 2001లోనే యిది నానాజాతుల ప్రజలను దుడిచివేసిన పారిసని దూషించెను. భరతుని నాట్యధర్మి నాశ్రయించి సమాధానము చెప్పవచ్చును గాని, యది సగమే చెల్లును. మాయాబజారు ద్వారకను ఎవ్వరును గొలిచి చూడలేదు. అమేలీయో నిజమైన వీథిని, నిజమైన సంవత్సరమును బేర్కొనినది. కొత్తపేట పండ్ల విపణిని కథారంగముగాఁ గొని, హమాలీలను, ఈఁగలను, లారీల ధూళిని దొలఁగించి మామిడిపండ్ల పసిమిని మాత్రము చూపినచో, 2021లో నా విపణి బాటసింగారమునకుఁ దరలకముందు దాని నెఱిఁగినవారు ఊరకుందురా? ఆక్షేపమున బలము గలదు. అయినను ఆ చిత్రమున లోకము నట్లు కడిగి చూచుచున్నది నాయిక. కడిగిన లోకముననే యామె దాఁగియున్నది. ఆ దాఁగుటను కవియైన దర్శకుఁడు మెచ్చుకొనలేదు.

ఇందులకు నిదర్శనము గలదు. నీనో కాఫీశాలకు వచ్చి, పలుకరించి, యామె యంగీకరింపకపోఁగా వెడలిపోవును. తత్‌క్షణము అమేలీ శరీరము నీరై నేలఁ గూలును. ఇది హాస్యముగాఁ గన్పట్టు చమత్కారమే. కాని సిగ్గుచే నీరగుట యను భావము నక్షరార్థమునఁ జూపుటచే హాస్యము క్రిందఁ గరుణము తొంగిచూచును. తుదకు వృద్ధుని మాటచేఁ బ్రేరితయై తలుపు తెఱచినప్పుడు, నీనో గడపయందే యుండును. అచ్చట బాణములు లేవు, పేటిక లేదు, టెలిఫోను లేదు. ఇరువురును మాటాడరు.